ఆకాశంలో చిన్న మబ్బు - అబ్దుర్రహ్మాన్ సూఫీ జీవిత చరిత్ర

మన ఇళ్లల్లో ఆడపిల్ల పుడితే సురయ్యా అనీ, మగపిల్లవాడు పుడితే సుహైల్ అనీ పేర్లు పెట్టుకోవడం కద్దు. ఈ రెండూ ఆకాశంలోని చుక్కల పేర్లే. సురయ్యా అంటే తెలుగువారు కృత్తికలనీ, పల్లెల్లో పిల్లలకోడి అనీ పిలుచుకొనే చుక్కల గుంపు. సుహైల్ అంటే శీతాకాలపు రాత్రులలో దక్షిణ దిక్కున మెరిసే అగస్త్య నక్షత్రం. ఇటువంటి పేర్లను వందల సంఖ్యలో సేకరించి, ఏ పేరు ఏ చుక్కదో తన కళ్లతో చూసి పోల్చి, బొమ్మ గీసి గ్రంథస్థం చేసిన మహనీయుడు ఒకరున్నారు. ఆయన పేరు అబ్దుర్రహ్మాన్ సూఫీ. వెయ్యేళ్లకు పైబడిన ఆ గ్రంథంలో ఒక చిన్న మబ్బు సంగతి వుంది. ఆ మబ్బు ఏమిటో ఆయనకు తెలియదు. అయినా వ్రాసిపెట్టారు. ఆయన జీవితంలో మనం నేర్చుకోవలసింది ముఖ్యంగా ఇదేనని మా అభిప్రాయం. అందుకే ఈ సంచికలో ఆయన చరిత్రను సభ్యుల ముందు వుంచుతున్నాము.

సూఫీ సాహెబు హిజ్రీ 291వ సంవత్సరంలో, అనగా క్రీస్తు శకం 903 డిసెంబరు 7వ తేదీన, ఇరాన్ దేశంలోని రయ్ పట్టణంలో జన్మించారు. ఈనాటి టెహరాన్ నగరానికి దక్షిణపు అంచున వున్నది ఆ రయ్. పూర్తి పేరు అబుల్ హుసేన్ అబ్దుర్రహ్మాన్ బిన్ ఉమర్. అప్పటికి బగ్దాదులో అబ్బాసీ ఖలీఫాల ప్రాభవం తగ్గుముఖం పట్టింది. ఇరాన్ ప్రాంతమంతా క్రమంగా బువైహీ వంశపు రాజుల చేతిలోకి వచ్చింది. రాజకీయంగా కలతల కాలమే అయినా విద్యకు మాత్రం అది మంచి కాలమని చెప్పాలి. రాజులు, వజీర్లు పండితులను పోటీలుపడి పోషించేవారు.

ఆ రోజుల్లో నక్షత్రశాస్త్రం చదవాలనుకున్నవాడికి ఒక్కటే పెద్ద గ్రంథం వుండేది. అది సూఫీకి దాదాపు 800 ఏళ్ల ముందు, ఈజిప్టులోని అలెగ్జాండ్రియాలో టాలమీ అనే పండితుడు గ్రీకు భాషలో వ్రాసింది. అరబీలో ఆయన్ని బత్లీమూస్ అంటారు. ఆ గ్రంథం అరబీలోకి వచ్చి అల్ మజిస్తీ అని పేరు పొందింది. 9వ శతాబ్దంలో ఒకసారి కాదు, ఒకటికి రెండుసార్లు దాన్ని అనువదించారు. అందులో వెయ్యికి పైగా నక్షత్రాల పట్టిక వుంది. ఆకాశాన్ని 48 రాశులుగా, అంటే 48 బొమ్మలుగా విభజించి, ఒక్కొక్క బొమ్మలో ఏ చుక్క ఎక్కడ వున్నదీ, ఎంత కాంతితో వున్నదీ వ్రాశారు. కాంతిని ఆరు తరగతులు చేశారు. అన్నిటికన్నా మెరిసేవి మొదటి తరగతి, కంటికి ఆనీ ఆననివి ఆరో తరగతి. నేటికీ ఖగోళ శాస్త్రవేత్తలు వాడే లెక్క దీనినుంచి పుట్టినదే.

ఇంత గొప్ప గ్రంథం చేతిలో వున్నప్పుడు లోకం ఏం చేసిందంటే, ఆకాశం వైపు చూడడం తగ్గించింది. గ్లోబులు తయారుచేసేవారు పట్టిక చూసి చుక్కలు పొదిగేవారు. పుస్తకాలు వ్రాసేవారు పాత పుస్తకం చూసి కొత్తది వ్రాసేవారు. ఒకరు చేసిన తప్పును వెనకవారు పదిలంగా మోసుకొచ్చేవారు. లెక్కల్లో ఆరితేరిన బత్తానీ వంటి మహాపండితుడు సైతం ఈ చుక్కల విషయంలో టాలమీ పట్టికనే తీసుకున్నాడని సూఫీ గమనించారు.

దీనికితోడు మరో చిక్కు వుండేది. అరబ్బు దేశపు ఎడారి జనానికి టాలమీతో పని లేకుండానే తరతరాలుగా తమ చుక్కలు తమకు వున్నాయి. రాత్రిపూట ఒంటెల మీద ప్రయాణం చేసేవాడికి చుక్కలే దారి చూపేవి. వానలు ఎప్పుడు పడతాయో, పచ్చిక ఎప్పుడు మొలుస్తుందో వాటినిబట్టే చెప్పేవారు. మన రైతులకు కార్తెలు ఎలాగో వారికి అవి అలాగ. మనం సప్తర్షులు అనే ఏడు చుక్కల్లో నాలుగింటిని వారు శవపేటికగా, మూడింటిని దాని వెంట నడిచే కుమార్తెలుగా ఊహించుకొని బనాతున్నాష్ అన్నారు. గ్రీకువారు అదే చోట ఎలుగుబంటిని చూశారు. మన పల్లెల్లో కొందరు మంచం కోళ్లను చూస్తారు. చుక్కలు ఒక్కటే, పేర్లు వేరు. కాగా అరబ్బుల పేర్లు తెలిసినవాడికి టాలమీ పట్టిక తెలియదు, పట్టిక తెలిసినవాడికి ఆ పేర్లు తెలియవు. రెండూ తెలుసుననుకొనేవారు ఒక చుక్క పేరును మరో చుక్కకు తగిలించేవారు.

సూఫీ ఈ రెండింటినీ ఒకచోట చేర్చాలని సంకల్పించారు. అందుకు పుస్తకాలే కాదు, ఊళ్లు కూడా తిరిగారు. హిజ్రీ 335లో దీనవర్ పట్టణానికి వెళ్లారు. అరబ్బుల నక్షత్ర జ్ఞానం మీద పేరుపొందిన పుస్తకం వ్రాసిన అబూ హనీఫా దీనవరీ వుండిన ఊరది. అరబ్బుల మాటలన్నీ ఆ పండితుడు చక్కగా కూర్చినా, ఆకాశంలో చుక్కలను గుర్తుపట్టడంలో పొరబడ్డాడని సూఫీ తేల్చారు. రెండేళ్ల తర్వాత ఇస్ఫహాన్‌లో విద్వాంసుడైన వజీరు ఇబ్నుల్ అమీద్ సభలో వున్నారు. ఎక్కడికి పోయినా ఆయన పని ఒక్కటే. పగలు పుస్తకం, రాత్రి ఆకాశం.

ఆయనకు నిలకడైన ఆశ్రయం ఇచ్చినవాడు బువైహీ రాజులలో కెల్లా గొప్పవాడైన అజుదుద్దౌలా. 936లో పుట్టిన ఈ రాజు సూఫీకన్నా 33 ఏళ్లు చిన్నవాడు. 949లో, ఇంకా పసితనం వీడని వయసులోనే, షీరాజు రాజధానిగా ఫార్స్ రాజ్యానికి వచ్చాడు. తరువాతి కాలంలో నది మీద ఆనకట్ట కట్టించాడు, బగ్దాదులో పెద్ద ఆసుపత్రి పెట్టించాడు. వ్యాకరణంలో అబూ అలీ ఫారసీ, గ్రహగణితంలో ఇబ్నుల్ ఆలమ్, స్థిర నక్షత్రాల విద్యలో సూఫీ తన గురువులని ఆయన గర్వంగా చెప్పుకొనేవాడట. రాజ్యాలు గెలిచినవాడు గురువుల పేర్లు చెప్పుకొని గర్వపడడం గమనించదగ్గ విషయం గదా.

ఆ రాజు కోసమే సూఫీ తన మహాగ్రంథాన్ని హిజ్రీ 353 ప్రాంతంలో, అనగా 964లో పూర్తి చేశారు. దాని పేరు కితాబు సువరిల్ కవాకిబిస్ సాబితా. స్థిర నక్షత్రాల బొమ్మల పుస్తకమని అర్థం. అప్పటికి ఆయన వయస్సు అరవై దాటింది.

ఈ పుస్తకం ఎలా కట్టారో కొంచెం వివరిస్తాము. 48 రాశులకు 48 అధ్యాయాల వంటివి వున్నాయి. ఒక్కొక్క దానిలో ముందు రాశి వర్ణన. ఏ చుక్క ఎక్కడుంది, దాని పక్క చుక్కకు ఎంత దూరం, కాంతి ఎంత, టాలమీ చెప్పినదానికీ తనకు కనిపించినదానికీ తేడా ఏమిటి అని ఒక్కొక్కటే చెప్తారు. తరువాత అరబ్బులు ఆ చుక్కలను ఏమని పిలుస్తారో చెప్తారు. ఆపైన బొమ్మలు, చివరకు పట్టిక.

బొమ్మలు రాశికి రెండేసి వుంటాయి. ఎందుకు రెండు? నేలమీద నిలబడి తలెత్తి చూసినప్పుడు రాశి ఒకలా కనిపిస్తుంది. అదే రాశిని గ్లోబు మీద చెక్కితే, బయటినుంచి చూస్తాము గనుక కుడి ఎడమలు తారుమారు అవుతాయి. జరీపని చేసిన గుడ్డను పైనుంచి చూడడానికీ, లోపలి వైపునుంచి చూడడానికీ వున్నంత తేడా. చదివేవాడు తికమకపడకుండా సూఫీ రెండు బొమ్మలూ ఇచ్చారు. బొమ్మలు సరిగా రావడానికి ఆయన పలుచని కాగితాన్ని గ్లోబు మీద పరచి, చుక్కల్నీ గీతల్నీ దానిమీద ఎత్తి, తరువాత ఆకాశంతో సరిచూసుకొనేవారని అల్ బీరూనీ వ్రాశాడు. క్లాసులో దేశపటం ఎత్తుకొనే పిల్లలు చేసే పనే అది.

నిజాయితీగా ఒక సంగతి ఇక్కడే చెప్పాలి. పట్టికలోని చుక్కల స్థానాలన్నిటినీ సూఫీ కొత్తగా కొలవలేదు. టాలమీ అంకెలే తీసుకొని, కాలం గడిచినందుకు జరగవలసిన మార్పు కలిపారు. భూమి తన ఇరుసు మీద బొంగరంలా మెల్లగా తల తిప్పుతుంటుంది. అందువల్ల చుక్కల స్థానాలు ఏడాదికేడాది ఇసుమంత జరుగుతుంటాయి. టాలమీ నూరేళ్లకు ఒక డిగ్రీ అన్నాడు. బగ్దాదు విద్వాంసులు 66 ఏళ్లకు ఒక డిగ్రీ అన్నారు. నేటి లెక్క సుమారు 72 ఏళ్లకు ఒక డిగ్రీ. సూఫీ 66 ఏళ్ల లెక్క పట్టుకొని టాలమీ అంకెలకు 12 డిగ్రీల 42 నిమిషాలు కలిపారు.

మరి ఆయన సొంత కృషి ఎక్కడుందంటే, కాంతిలో వుంది. ప్రతి చుక్క ఎంత మెరుస్తున్నదీ ఆయన స్వయంగా చూసి నిర్ణయించారు. ఆరు తరగతులు చాలవని, ఫలానా తరగతిలో కాస్త పెద్దది, కాస్త చిన్నది అని మధ్య మెట్లు కూడా వేశారు. పట్టికలో లేని చుక్కలు కంటబడితే, అవి కూడా వున్నాయని వర్ణనలో చెప్పారు. ఎక్కడ టాలమీ మాట తనకు కనిపించినదానితో పొసగలేదో అక్కడ మొగమాటం లేకుండా పొసగలేదని చెప్పారు. అలాగని ఆ పెద్దాయనను కించపరిచిందీ లేదు. ఆయన పట్టికనే పునాదిగా పెట్టుకొని, ఆయన వేసిన వరుసలోనే నడిచి, తప్పున్నచోట తప్పని చెప్పారు. గురువును గౌరవించడమంటే గురువు మాటను పరీక్షించకపోవడం కాదని ఈ పుస్తకం చూస్తే అర్థమవుతుంది.

ఇక ఆ చిన్న మబ్బు దగ్గరకు వద్దాము. ఉత్తర ఆకాశంలో గ్రీకులు ఆండ్రోమెడా అన్న రాశి ఒకటి వుంది. సంకెళ్లతో కట్టివేయబడిన స్త్రీ బొమ్మ అది. అరబీలోనూ అదే అర్థంతో అల్ మర్అతుల్ ముసల్సలా అన్నారు. అరబ్బుల సంప్రదాయంలో అదే చోట ఒక పెద్ద చేప వుంది. ఆ చేప నోటి దగ్గర మబ్బులాంటి మరక ఒకటి కనిపిస్తుందని సూఫీ వ్రాశారు. బొమ్మలో కూడా చేప నోటి దగ్గర చిన్న చుక్కల గుంపుగా దానికి గుర్తు పెట్టారు. అంతే. అది ఏమిటో, ఎంత దూరంలో వుందో, ఎందుకు మిగతా చుక్కల్లా మెరవక పాలిపోయి వుందో ఆయన చెప్పలేదు. తెలియనిదాని మీద కథ అల్లలేదు. తెలియదు గదా అని వదిలేయనూ లేదు. టాలమీ పట్టికలో ఆ మబ్బు లేదు. మనకు దొరికినంతలో దాని గురించి మొట్టమొదటి వ్రాత ఇదే.

ఇది కాక, ఈనాడు వల్పెక్యులా అనే రాశిలో వున్న చుక్కల గుంపు ఒకటీ, దక్షిణాన వేలా రాశిలో వున్న చుక్కల గుంపు ఒకటీ మొదట గుర్తించిన ఘనత కూడా సూఫీదే. మొదటిదాన్ని నేటికీ కొందరు సూఫీ గుంపు అనే పేరుతోనే పిలుస్తారు. ఇదంతా దుర్భిణీ పుట్టడానికి 600 ఏళ్లకు పైగా ముందు, వట్టి కంటితో చేసిన పని అని మరువకూడదు.

గ్రంథం పూర్తయ్యాక కూడా ఆయన పని ఆపలేదు. షీరాజులో పెద్ద వలయ యంత్రంతో సూర్యుని గమనించి, భూమి ఇరుసు వాలును కొలిచారు. ఆస్ట్రోలాబ్ అనే పరికరాన్ని ఎన్నెన్ని విధాల వాడవచ్చో వివరిస్తూ పెద్ద గ్రంథం వ్రాశారు. నమాజు వేళలు, ఖిబ్లా దిక్కు, సూర్యోదయ సూర్యాస్తమయాలు లెక్కకట్టడానికి ఆ రోజుల్లో చేతిలో ఇమిడే సాధనం అదే. అజుదుద్దౌలా కోసం వెండితో ఒక ఖగోళపు గ్లోబు చేశారు. 11వ శతాబ్దంలో అది కైరో గ్రంథాలయంలో వుండగా చూసినవారు వున్నారు. రాజు 983లో చనిపోయాడు. మూడేళ్లకు, 986 మే 25వ తేదీన సూఫీ కూడా షీరాజులో కన్నుమూశారు. 82 ఏళ్ల నిండు జీవితం. ఆయన కుమారుడు కూడా తండ్రి దారిలోనే నక్షత్ర రాశుల మీద అరబీలో పద్య గ్రంథం వ్రాశాడు.

మనిషి పోయినా పుస్తకం ప్రయాణం చేసింది. హిజ్రీ 400 నాటి తేదీ వున్న ప్రతి ఒకటి ఇంగ్లండులో ఆక్స్‌ఫర్డు గ్రంథాలయంలో వుంది. 13వ శతాబ్దంలో నసీరుద్దీన్ తూసీ దీన్ని పారసీలోకి అనువదించాడు. అదే శతాబ్దంలో స్పెయిన్‌లో రాజు ఆల్ఫాన్సో కొలువులో దీన్ని ఆధారం చేసుకొని అక్కడి భాషలో నక్షత్ర గ్రంథం తయారయింది. 1437 నాటి తన పట్టికలో సమర్‌ఖండ్ రాజు ఉలూగ్ బేగ్ దాదాపు అన్ని చుక్కలనూ తిరిగి కొలిపించాడు. సమర్‌ఖండ్ నుంచి కనిపించని 27 దక్షిణపు చుక్కలకు మాత్రం సూఫీ అంకెలే తీసుకున్నాడు. ఐరోపావారు సూఫీ పేరును అజోఫీ అని పలికారు. చంద్రుని మీద ఒక బిలానికి నేటికీ ఆ పేరే వుంది.

అయితే ఆ మబ్బు సంగతి మాత్రం ఐరోపాలో చాలాకాలం తెలియలేదు. 1612లో సైమన్ మారియస్ అనే జర్మన్ పండితుడు దుర్భిణీతో దాన్ని చూశాడు. ఆ తరువాత ఫ్రాన్సులో షార్ల్ మెస్సియే అనే ఆయన వచ్చాడు. ఈయన పని తోకచుక్కలను వెతకడం. తోకచుక్కలా కనిపించి మోసంచేసే మబ్బు మరకలు ఆకాశంలో చాలా వున్నాయి. వాటితో కాలం వృథా కాకూడదని అన్నిటికీ పట్టిక కట్టాడు. మొదటి భాగం 1774లో 45 వస్తువులతోనూ, చివరి భాగం 1781లో 103తోనూ వెలువడ్డాయి. తరువాతివారు దాన్ని 110 వరకు పెంచారు. మన మబ్బు అందులో 31వది. మెస్సియే దాన్ని మొదట చూసిన ఘనత మారియస్‌కు ఇచ్చాడు. సూఫీ పేరు ఆయన ఎరుగడు పాపం. 1888లో డ్రేయర్ అనే ఖగోళ శాస్త్రవేత్త 7,840 వస్తువులతో ఇంకా పెద్ద పట్టిక కూర్చాడు. అందులో దీని నెంబరు 224.

నెంబర్లు పడ్డాయిగాని ఆ మబ్బు ఏమిటన్నది తేలలేదు. అది మన నక్షత్ర మండలంలోనే వున్న పొగలాంటిదని కొందరు, మనకు బయట వున్న మరో లోకమని కొందరు వాదించుకున్నారు. అమెరికాలో హెన్రియెట్టా లెవిట్ అనే మహిళ కొన్ని చుక్కల వెలుగు పెరిగి తరిగే వ్యవధినిబట్టి వాటి అసలు కాంతిని చెప్పవచ్చని కనిపెట్టింది. అసలు కాంతి తెలిస్తే దూరం తెలుస్తుంది. దూరాన వెలిగే పెట్రోమాక్స్ లైటు ఎంత మసకగా వుంటే అంత దూరమని మనం అనుకోమా, అలాగే. 1923లో ఎడ్విన్ హబుల్ 100 అంగుళాల దుర్భిణీతో ఆ మబ్బులో అటువంటి చుక్క ఒకటి పట్టుకున్నాడు. లెక్కకడితే అది మన నక్షత్ర మండలానికి ఎంతో బయట వుందని తేలింది. 1925 జనవరిలో ఆ సంగతి శాస్త్రజ్ఞుల సభలో ప్రకటించారు.

ఉర్దూలో కహకషాన్ అనీ, తెలుగులో పాలపుంత అనీ మనం పిలిచే మన నక్షత్ర మండలం వంటిదే మరొకటి అది. దాన్నే గెలాక్సీ అంటారు. అందులో వేల కోట్ల సూర్యులున్నారు. దాని దూరం సుమారు 25 లక్షల కాంతి సంవత్సరాలు. అంటే ఈ రాత్రి మన కంటికి చేరే దాని వెలుగు 25 లక్షల ఏళ్ల క్రితం బయల్దేరినది. సూఫీ వ్రాసిన ఆ ఒక్క ముక్కకు అర్థం తెలియడానికి 960 ఏళ్లు పట్టింది.

ఇప్పుడు మన తెలుగునేలకు ఈ గ్రంథంతో వున్న సంబంధం చెప్తాము. డ్రేయర్ పట్టిక వెలువడిన ఆ 1888లోనే హైదరాబాదులో దాయిరతుల్ మఆరిఫ్ అనే సంస్థ స్థాపితమైంది. అరుదైన అరబీ వ్రాతప్రతులను సేకరించి, పోల్చి, శుద్ధప్రతి తయారుచేసి అచ్చువేయడం దాని పని. ఈ సంస్థ 1954లో సూఫీ గ్రంథాన్ని ప్రచురించింది. పారిస్ గ్రంథాలయంలో వున్న ఉలూగ్ బేగ్ సొంత ప్రతిని ఆధారంగా పెట్టుకొని, పాత ప్రతులతో సరిచూసి, అరబీ మూలాన్ని అచ్చు వేశారు. కుమారుడు వ్రాసిన పద్య గ్రంథాన్ని కూడా దానితో కలిపారు. అప్పటినుంచి ప్రపంచంలో సూఫీ మీద పరిశోధన చేసేవారెందరో ఈ హైదరాబాదు ప్రతిని పట్టుకొని పని చేశారు. రయ్‌లో పుట్టి, షీరాజులో వ్రాసి, సమర్‌ఖండ్, పారిస్ తిరిగిన పుస్తకం హైదరాబాదులో అచ్చు అక్షరాలు తొడుక్కుంది.

నక్షత్రాల పట్టికలు కట్టే పని కూడా హైదరాబాదులో జరిగింది. నవాబు జఫర్ జంగ్ ఇంగ్లండు నుంచి 15 అంగుళాల దుర్భిణీ తెప్పించి 1901లో వేధశాల ప్రారంభించారు. అదే నిజామియా వేధశాల. 1907లో ఆయన చనిపోయాక ప్రభుత్వం దాన్ని తీసుకొని, తరువాత ఉస్మానియా విశ్వవిద్యాలయానికి అప్పగించింది. ప్రపంచ దేశాలు ఆకాశాన్ని పంచుకొని ఫోటోలతో పట్టిక తయారుచేసిన రోజుల్లో ఒక భాగం ఈ వేధశాల వంతుకు వచ్చింది. ఏళ్ల తరబడి పనిచేసి లక్షల సంఖ్యలో చుక్కల స్థానాలను సంపుటాలుగా ప్రకటించారు. మన ఉత్తర కోస్తా కూడా వెనకబడి లేదు. గోడే వెంకట జగ్గారావుగారు అనే జమీందారు మద్రాసు వేధశాలలో విద్య నేర్చుకొని వచ్చి, విశాఖపట్నంలో డాబాగార్డెన్స్‌లో 1840 ప్రాంతంలో సొంత ఖర్చుతో వేధశాల కట్టించారు. ఆయన తదనంతరం అల్లుడు అంకితం వెంకట నరసింగరావుగారు దాన్ని నడిపారు. ఆకాశం ఏ ఒక్క మతానిదీ, ఏ ఒక్క భాషదీ కాదని ఈ పేర్లే సాక్ష్యం చెప్తున్నాయి.

మేము ఉర్దూ మీడియం బడిలో పాఠాలు చెప్పేవాళ్లం. పదో తరగతి అయ్యాక సైన్సు గ్రూపు అనగానే మన పిల్లలు కొందరు జంకుతారు. అది మనది కాదు, మన భాషలో లేదు అనుకుంటారు. అటువంటి పిల్లలకు మేము ఆకాశపటం చూపించి పేర్లు చదివిస్తాము. రోహిణి నక్షత్రాన్ని ఇంగ్లీషు పుస్తకాల్లో ఆల్డిబరాన్ అంటారు. అరబీలో అద్దబరాన్, వెంట వచ్చేది అని అర్థం. సురయ్యా వెంట వస్తుంది గనుక ఆ పేరు. రైజెల్ అంటే రిజ్ల్, కాలు. డెనెబ్ అంటే జనబ్, తోక. ఫోమల్‌హాట్ అంటే ఫముల్ హూత్, చేప నోరు. ఈ మాటలు మన పిల్లలకు ఎక్కడో విన్నట్టే వుంటాయి. ముఖాల్లో వెలుగు వస్తుంది.

కాని ఆ వెలుగును అతిశయంగా మారనివ్వకూడదు. మన సభల్లో, ఉపన్యాసాల్లో ఒక్కోసారి లోకంలోని సైన్సంతా మనవాళ్లే కనిపెట్టారని చెప్పేస్తుంటారు. చప్పట్లు మోగుతాయి. ఇది సూఫీకి మర్యాద కాదు. ఆయన గ్రీకు గ్రంథం మీద కట్టారు. ఎడారి జనం పేర్లను గౌరవంగా చేర్చారు. ఆయన మీద ఆధారపడి సమర్‌ఖండ్‌లో కట్టారు. ఆ మబ్బును వ్రాసింది ఆయన, అది గెలాక్సీ అని తేల్చింది మరొకరు. ఆయన గెలాక్సీని కనిపెట్టారని చెప్తే ఆయన చెయ్యని పని ఆయనకు అంటగట్టడమే. ఉన్నదాన్ని ఉన్నట్టు చెప్పడమే ఆయన జీవితమంతా చేసిన పని. ఆయన గురించి చెప్పేటప్పుడు మనం దాన్నే తప్పితే ఎలా?

ఆయననుంచి పిల్లలు నేర్చుకోవలసింది రెండు మాటల్లో చెప్పవచ్చు. పుస్తకం చదువు, చదివినదాన్ని కంటితో సరిచూడు. అర్థమైనదీ వ్రాయి, అర్థం కానిదీ వ్రాయి. పరీక్ష కోసం గైడు బట్టీపట్టే పిల్లవాడు పాత పట్టికలు ఎత్తి వ్రాసిన గ్లోబుల పనివాడివంటివాడు. నాకు ఇది అర్థం కాలేదు మాస్టారూ అని లేచి నిలబడే పిల్లవాడు సూఫీ వంశంవాడు. అర్థం కాలేదన్నందుకు వాణ్ణి కసరుకోవడం పెద్దలమైన మనం మానుకోవాలి.

చివరగా ఒక మాట. ఆ మబ్బును చూడడానికి దుర్భిణీ అక్కరలేదు. నవంబరు, డిసెంబరు నెలల్లో అమావాస్యకు దగ్గర రాత్రి, ఎనిమిది తొమ్మిది గంటల వేళ, వీధి దీపాలకు దూరంగా పోవాలి. విజయనగరం, శ్రీకాకుళం పట్టణాల్లో ఈనాడు దీపాల కాంతికి సగం చుక్కలు మాయమయ్యాయి. ఊరి బయట పొలాల్లోగాని, కళింగపట్నం వైపు సముద్రతీరంలో చీకటి వున్నచోటగాని నిలబడి నడినెత్తి వైపు చూస్తే నాలుగు చుక్కల పెద్ద చదరం కనిపిస్తుంది. మన పంచాంగంలోని పూర్వాభాద్ర, ఉత్తరాభాద్ర నక్షత్రాలే ఆ చదరం. దాని ఈశాన్యపు మూల చుక్కనుంచి వరుసగా ఈశాన్యంగా పోతే రెండో మెరిసే చుక్క మీరాక్. అరబీలో మిజర్, అంటే నడికట్టు, అన్న మాటే ఐరోపాలో నలిగి మీరాక్ అయింది. అక్కడినుంచి వాయవ్యంగా తిరిగి రెండు చిన్న చుక్కలు దాటితే, రెండో చుక్క పక్కనే పాలిపోయిన మరక వుంటుంది. పది నిమిషాలు కళ్లు చీకటికి అలవాటు పడనివ్వాలి. దాన్నే తిన్నగా చూడకుండా కాస్త పక్కకు చూస్తే ఇంకా బాగా కనిపిస్తుంది.

షీరాజులో ఆయన చూసిన మబ్బు అదే. సెలవు రోజుల్లో తండ్రులు మగపిల్లలనే కాదు, ఆడపిల్లలను కూడా వెంటబెట్టుకొని వెళ్లి చూపించవలసిందిగా కోరుతున్నాము. చూసినదాన్ని తేదీతో సహా నోటుబుక్కులో వ్రాయించండి. కనిపించకపోతే కనిపించలేదనే వ్రాయించండి.